ఇనుప తల

కజితా యోషికి గోల్‌కీపరు. మిజుకోషి షోజో అతని ముందు నిలబడే డిఫెండరు. అందుకని పడుచుతనమంతా కజితా ఎక్కువగా చూసింది షోజో వీపునే. వెడల్పాటి ఆ వీపుకి తడిసి అతుక్కుపోయిన నీలం చొక్కా, దాని పైన కురచగా కత్తిరించిన తల. బంతి గాలిలోకి లేచిందంటే ఆ తల కూడా లేచేది. చెక్కని సుత్తితో కొట్టినట్టు ఒక చప్పుడు. అంతే, వచ్చిన బంతి వచ్చిన దారినే పోయేది. గట్టు మీద జనం "ఇనుప తలా!" అని గొంతు చించుకునేవారు.

ఇద్దరూ తొయామా అఖాతం ఒడ్డున ఉన్న అల్యూమినియం ఫ్యాక్టరీ జట్టులో ఆడేవారు. పొద్దున షిఫ్టు, మధ్యాహ్నం నుంచి ప్రాక్టీసు. షోజో వలలు లాగే ఇంట్లో పుట్టినవాడు, కజితా కన్నా మూడేళ్ళు పెద్ద. ఆ ఒడ్డున చలికాలం మంచు దూదిలా పడదు. నీళ్ళు తాగి బరువెక్కి పడుతుంది. అందులో దొర్లిన తోలు బంతి తడిసిన బియ్యం మూటలా ఉండేది. అప్పటి కోచ్ తొకుమారు ఆ బంతినే ఒకదాని వెనక ఒకటి పైకి తన్నించేవాడు. "కళ్ళు మూశావంటే మళ్ళీ మొదటినుంచీ" అనేవాడు. షోజో కళ్ళు మూసేవాడు కాదు. ప్రాక్టీసయ్యాక స్నానాల గది వెనక్కి వెళ్ళి వాంతి చేసుకుని, నోరు కడుక్కుని, రెండు గిన్నెల అన్నం తినేవాడు.

కజితాకి ఒక లోపం ఉండేది. గోల్ గీత వదిలి ముందుకి రావాలంటే జంకు. ఎత్తుగా వచ్చే బంతిని కీపరు ముందుకురికి చేతులతో అందుకోవాలి. అతను మాత్రం గీత మీదే నిలబడి "నీదే, అన్నా!" అని కేకేసేవాడు. షోజో ఒక్కసారి కూడా విసుక్కోలేదు. "నువ్వు నీ గడప దాటకు, బయట సంగతి నేను చూసుకుంటా" అనేవాడు.

షోజో జాతీయ జట్టు చొక్కా కూడా తొడుక్కున్నాడు. ఒకసారి పరదేశంలో ఆటలో ఎవరిదో మోచెయ్యి కణతకి తగిలి, నేల కూలి, మళ్ళీ లేచి చివరిదాకా ఆడాడు. తిరుగు విమానంలో పక్కవాణ్ణి "మనం గెలిచామా?" అని అడిగాడట. ఆ మాట ఊళ్ళో ఎన్నేళ్ళో చెప్పుకుని నవ్వారు. పెళ్ళిళ్ళలో చెప్పారు, అంగట్లో చెప్పారు. షోజో కూడా నవ్వేవాడు. అతని భార్య ఫుమియే ఒక్కతే నవ్వేది కాదు.

తర్వాత రోజులు మారాయి. ఒక వసంతంలో కంపెనీ జట్టుని మూసేసింది. షోజో హైస్కూలు కుర్రాళ్ళకి కొన్నేళ్ళు ఆట నేర్పి, ఊరి వాళ్ళంతా కలిసి పెట్టుకున్న క్లబ్బుకి కోచ్ అయ్యాడు. పిలవడానికొచ్చిన ఛైర్మన్ హమగుచితో "కజితా వస్తేనే నేనొస్తా" అని చెప్పాడు. అలా కజితా మళ్ళీ అతని వెనకే నిలబడ్డాడు, ఈసారి బెంచీ దగ్గర. ఇద్దరూ కలిసి జిల్లా పోటీల్లో ఆడే క్లబ్బుని దేశంలో మూడో డివిజన్ దాకా లాక్కొచ్చారు. ఆ చిన్న ఊరికి అది తలకు మించిన గౌరవం. షోజో తొకుమారులా కుర్రాళ్ళ మీద చెయ్యి చేసుకునేవాడు కాదు. కానీ తలతో కొట్టే ప్రాక్టీసు మాత్రం వదల్లేదు. "కాలితో ఆడేవాడు ఆటగాడు. తల ఇచ్చేవాడు డిఫెండరు" అని ప్రతి కొత్త కుర్రాడికీ చెప్పేవాడు. ఆ మాట క్లబ్బు గోడ మీద రాయించారు కూడా.

మొదట్లో ఏం జరుగుతోందో కజితాకి తెలియలేదు. ప్రాక్టీసులో వేసుకునే పైచొక్కాలకి పెద్ద అంకెలు కుట్టించమన్నాడు షోజో. ఆ తర్వాత కుర్రాళ్ళని పేర్లతో పిలవడం మానేశాడు. "ఏడూ, వెడల్పుగా పో! పదకొండూ, నిద్రపోతున్నావా?" అనేవాడు. కుర్రాళ్ళు అది కొత్త పద్ధతనుకున్నారు. కజితా కూడా అలాగే అనుకున్నాడు, అనుకోవడం సుఖంగా ఉంది కాబట్టి.

ఒకరోజు పొద్దున ప్రాక్టీసుకి షోజో రాలేదు. ఫోను తియ్యలేదు. కజితా వెతుక్కుంటూ బయల్దేరి, ఎందుకో పాత ఫ్యాక్టరీ వైపు కారు తిప్పాడు. గేటుకి గొలుసు వేసి ఎన్నేళ్ళో అయింది. గేటు ముందు షోజో కారు ఆగి ఉంది. లోపల అతను విజిల్ మెళ్ళో వేసుకుని, రెండు చేతులూ స్టీరింగు మీద పెట్టుకుని కూర్చుని ఉన్నాడు.

"అన్నా, ఇక్కడేం చేస్తున్నావు?"

షోజో అద్దం దించాడు. "వాచ్‌మన్ ఇంకా గేటు తియ్యలేదురా. ఏం ఊరో ఏం మనుషులో."

షోజో అతని ముఖంలోకి చూశాడు, గొలుసుకేసి చూశాడు. చెవులు ఎర్రబడ్డాయి. "ఏంటలా గుడ్లప్పగించి చూస్తావు? ఊరికే చూసిపోదామని వచ్చా. పాత చోటు, చూడకూడదా?" అని గట్టిగా కసిరి, కారు వెనక్కి తిప్పాడు. మెయిన్ రోడ్డు దగ్గర ఆగిపోయాడు. కజితా కారు ముందుకు వెళ్ళేదాకా ఆగి, దాని వెనకే గ్రౌండుకి వచ్చాడు.

ఆ మాట కజితా ఎవరికీ చెప్పలేదు.

ఆకులు రాలే కాలానికి క్లబ్బు పట్టికలో అడుగుకి జారింది. చివర్లో నిలిచిన జట్టు డివిజన్ నుంచి పడిపోతుంది. పడిపోతే ఇంత చిన్న ఊరు మళ్ళీ లేవడం కష్టం. ఆ రోజుల్లోనే సొంత గ్రౌండులో, వానలో ఒక ఆట. ఒక గోల్ వెనకబడి ఉన్నారు. షోజో బెంచీ ముందు నిలబడి, ఎడమ అంచుకేసి చూస్తూ అన్నాడు:

"నోజుని పంపు."

కజితా విననట్టు ఊరుకున్నాడు.

"చెవుడా నీకు? నోజుని పంపమంటున్నా. వాడి కాలికి ఈ బురద లెక్కలేదు."

నోజు ఫ్యాక్టరీ జట్టులో ఎడమ అంచున ఆడినవాడు. మంచురోడ్డు మీద మోటారు సైకిలు జారి ఎప్పుడో చనిపోయాడు. అతని శవపేటికని మోసినవాళ్ళలో ఈ ఇద్దరూ ఉన్నారు. బెంచీ మీద కుర్రాళ్ళు ఒకళ్ళ ముఖాలొకళ్ళు చూసుకున్నారు. "నోజు ఎవరు?" అని ఒకడు గొణిగాడు.

"సరే, అన్నా" అన్నాడు కజితా. ఎడమ కాలి కుర్రాడొకణ్ణి భుజం పట్టి లేపి, లోపలికి తోశాడు. షోజో తృప్తిగా తలాడించాడు. ఆ ఆట ఎలాగో సమం చేసుకున్నారు.

బట్టలు మార్చుకునే గదిలో అందరూ వెళ్ళిపోయాక షోజో బల్ల మీద కూర్చుని, బూట్ల మట్టి గోకుతూ నెమ్మదిగా అడిగాడు. "ఇందాక నేనేమన్నా అన్నానా?"

"ఏం అనలేదు."

"నీకు అబద్ధం చేతకాదురా కజితా. పెనాల్టీకి నిలబడ్డప్పుడు కూడా ఎటు దూకుతావో నీ మోకాళ్ళే ముందు చెప్పేసేవి."

కజితా తల దించుకున్నాడు. "నోజుని పంపమన్నావు, అన్నా."

షోజో బూటు మట్టి ఇంకాస్త గోకాడు. తర్వాత బూటు కింద పెట్టి, "ఫుమియేకి చెప్పకు" అన్నాడు.

చెప్పాల్సిన పని లేకపోయింది. ఆ మర్నాడే ఫుమియే క్లబ్బుకి వచ్చింది. చేప ముద్దలు ఆవిరి మీద ఉడికించి అమ్మే దుకాణంలో ఆమెది పొయ్యి దగ్గర పని. తలగుడ్డ కూడా విప్పకుండా వచ్చింది. "కజితా, నువ్వు కారు తీసుకురా. మీ అన్నని పెద్దాసుపత్రికి తీసుకెళ్ళాలి. నేను రమ్మంటే రాడు. నువ్వు రమ్మంటే గొణుక్కుంటూ వస్తాడు."

"నీకెప్పుడు తెలిసింది, వదినా?"

"ఎప్పుడేంటి? పోయిన చలికాలం నుంచీ రోజూ పొద్దున్నే వాళ్ళమ్మకి టీ పట్టుకెళ్ళమంటున్నాడు. ఆవిడ పోయి ఎన్నేళ్ళయింది? ఇంత టీ పెట్టి, ఆవిడ ఫోటో ఉన్న దేవుడి గూటి ముందు పెడుతున్నాను. సరిపోతోంది."

డాక్టరు చిన్న వయసు మనిషి. తెర మీద షోజో మెదడు బొమ్మ పెట్టి, ముడుచుకుపోయిన చోట్లు చూపించాడు. ఎండిన వాల్‌నట్ పప్పులా ఉంది. ఆటలో తలకి దెబ్బలు తగిలాయా అని అడిగాడు.

"దెబ్బలా? అబ్బే" అన్నాడు షోజో. "బంతే."

"బంతి తలతో కొట్టేవారా? రోజుకి ఎన్నిసార్లు ఉంటుంది?"

"మీరు రోజుకి ఎన్నిసార్లు రెప్ప వేస్తారు, డాక్టరు గారూ?"

డాక్టరు నవ్వలేదు. దానివల్లే అని మనిషి బతికుండగా ఖచ్చితంగా ఎవరూ చెప్పలేరన్నాడు. తన అనుమానం మాత్రం అదేనన్నాడు. ఇది ఆగదు, నెమ్మదిస్తే నెమ్మదించవచ్చు అన్నాడు. ఫుమియే చేతిసంచీ ఒళ్ళో పెట్టుకుని అంతా విన్నది. కజితా ఆ తెర వంక చూడలేకపోయాడు. చెవుల్లో తన గొంతే వినబడుతోంది. ఎత్తుగా వచ్చిన ప్రతి బంతికీ తను వేసిన కేక. వాటిలో సగం తను అందుకోవలసినవి.

తిరిగొచ్చేటప్పుడు కారులో షోజో కిటికీలోంచి సముద్రం వంక చూస్తూ అన్నాడు: "మరి అరాయా సంగతేంటి?"

అరాయా దైచి జట్టులో నడిమి డిఫెండరు. ఇరవై మూడేళ్ళవాడు, కొండ ఊరి నుంచి వచ్చాడు. చిన్నప్పుడు షోజో ఆట టేపుల్లో చూసి పెరిగాడు. అదే కురచ జుట్టు, అదే ఎగిరే తీరు. జనం వాణ్ణి చిన్న ఇనుప తల అనేవారు. రెండు వారాల కింద ఆటలో అవతలివాడి తలకి వాడి తల తగిలి కాసేపు కింద పడున్నాడు. మర్నాడు ప్రాక్టీసుకి మబ్బు పట్టిన పొద్దున నల్ల కళ్ళద్దాలు పెట్టుకొచ్చాడు. అందరూ సినిమా హీరో అని ఏడిపించారు. షోజో మాత్రం దగ్గరికెళ్ళి, అద్దాలు తీసి కళ్ళలోకి చూశాడు.

"వెలుతురు గుచ్చుతోందా?"

"లేదండీ, కోచ్ గారూ."

"రాత్రి వాంతి అయిందా?"

అరాయా అద్దాలు తీసుకుని మళ్ళీ పెట్టుకున్నాడు. ఆ రోజుల్లో షోజోకి కుర్రాళ్ళ పేర్లు నిలవడం లేదు గానీ, ఈ ఒక్క సంగతి మాత్రం నిలిచింది. ఆసుపత్రి నుంచి వచ్చిన మర్నాడు తలతో కొట్టే ప్రాక్టీసు ఆపేశాడు. వారం తిరిగితే ఆఖరి ఆట. గెలిస్తే డివిజన్‌లో ఉంటారు, ఓడితే పడిపోతారు. ఆ ఆటకి జట్టు చదివినప్పుడు అందులో అరాయా పేరు లేదు.

అరాయా లేచి నిలబడ్డాడు. "ఎందుకండీ? నేనేం తప్పు చేశాను?"

"నీ తల బాగాలేదు. డాక్టరుకి చూపించుకో. ఆయన సరేనన్నాక మాట్లాడదాం."

"నా తలకేం కాలేదు. ఆ గోడ మీద ఏం రాసుంది? మీ మాటే కదా! మీరు మోచెయ్యి తగిలి పడి లేచి ఆడలేదా? ఆ కథ వినే నేను ఈ ఊరొచ్చాను."

షోజో గోడ వంక చూశాడు. అది ఎవరి మాటో మొదటిసారి చదువుతున్నట్టు చూశాడు. తర్వాత కుర్రాళ్ళ వైపు తిరిగాడు.

"వినండ్రా. నాకు జబ్బు చేసింది. మీ పేర్లు నాకు గుర్తుండటం లేదు. అందుకే అంకెలు కుట్టించాను. మొన్నటి ఆటలోకి, ఎప్పుడో చచ్చిపోయినవాణ్ణి పంపమన్నాను. ఇంటికి దారి మర్చిపోతున్నాను. బంతి వల్లేనని డాక్టరు అంటున్నాడు. ఆ గోడ మీద మాట తప్పు. నేను చెప్పినదే, తప్పు చెప్పాను. చెరిపెయ్యండి."

ఎవరూ కదల్లేదు. చివరికి అరాయా ఏడుస్తూ బయటికి పోయాడు.

ఛైర్మన్ హమగుచి చేపల టోకు వ్యాపారి. మంచివాడే, క్లబ్బుని కన్నబిడ్డలా చూసుకున్నవాడు. మర్నాడు కజితాని ఒక్కణ్ణే వేలం షెడ్డు పైన ఉన్న తన గదికి పిలిచాడు. కింద నుంచి మంచుముక్కలు పారలతో ఎత్తే చప్పుడు వస్తోంది.

"షోజో గారికి విశ్రాంతి ఇద్దాం. ఆయన జబ్బు సంగతి ఆయనే చెప్పారట కదా. ఊరంతా తెలిసిపోయింది. ఆఖరి ఆటకి మీరు కోచ్‌గా నిలబడండి."

"అరాయా సంగతి..."

"అదే చెప్తున్నా. ఆయన బుర్ర సరిగా లేదని ఆయనే ఒప్పుకున్నారు. ఆ బుర్రతో తీసుకున్న నిర్ణయాన్ని పట్టుకుని మనం ఊరిని ముంచుకుంటామా, కజితా గారూ?"

కజితా దగ్గర జవాబుంది. ఆ ఒక్క నిర్ణయం ఆయన బుద్ధి తెలిసి తీసుకున్నదే అని చెప్పొచ్చు. అరాయా కళ్ళు తనూ చూశాడు. కానీ చెప్పలేదు. జీవితమంతా ఒకళ్ళ వెనక నిలబడ్డవాడికి ముందుకి రమ్మని మొదటిసారి పిలుపొచ్చింది. దాన్ని కాదనలేకపోయాడు. "ఒక్క ఆటే కదా" అని తనకి తాను చెప్పుకున్నాడు. జట్టులో మళ్ళీ తన పేరు చూసి, సాయంత్రం అరాయా వచ్చి వంగి వంగి దణ్ణాలు పెట్టాడు. "డాక్టరు దగ్గరికెళ్ళావా?" అని అడిగాడు కజితా. "వెళ్ళానండీ, బాగుందన్నారు" అన్నాడు వాడు. ఏ డాక్టరో కజితా అడగలేదు.

ఆట రోజు గాలితో పాటు మంచువాన. గట్ల మీద చోటు లేదు. షోజో, ఫుమియే ఒక గొడుగు కింద కూర్చున్నారు. జట్టు లోపలికి వచ్చినప్పుడు షోజో లేచి నిలబడటం కజితాకి కనబడింది. అరాయాని చూశాడన్నమాట. ఏదో అరుస్తున్నాడు. ఇంత దూరం వినబడలేదు. ఫుమియే కోటు పట్టి కూర్చోబెట్టింది.

మొదటి సగంలోనే గోల్ కొట్టారు. రెండో సగమంతా అవతలివాళ్ళు మీద పడ్డారు. బంతి వెనక బంతి ఎత్తుగా వస్తోంది. అరాయా ఎగిరి కొడుతున్నాడు. కొట్టిన ప్రతిసారీ ఊరు ఊరంతా ఊగిపోతోంది. ఆట ముగియవస్తుండగా అవతలివాడొకడు దగ్గర నుంచి బలంగా తన్నిన బంతికి అరాయా అడ్డంగా తల పెట్టాడు. గోల్ కావలసింది కాలేదు. వాడు మాత్రం ముందుకి పడ్డాడు. చేతులు కూడా చాపలేదు, కోసేసిన చెట్టులా పడ్డాడు.

కాసేపటికి లేచాడు. రెఫరీ వేళ్ళు చూపించి ఏదో అడిగాడు, వాడేదో చెప్పాడు. జనం "చిన్న ఇనుప తలా!" అని పాడుతున్నారు. అరాయా నడక మొదలుపెట్టాడు. అవతలి జట్టు గోల్ వైపు నడిచి, వాళ్ళ డిఫెండర్ల పక్కన వెళ్ళి నిలబడ్డాడు. వాళ్ళలో ఒకడు జాలిపడి భుజం పట్టి ఇటు తిప్పాడు.

కజితా చూశాడు. బెంచీ మీద మార్చడానికి మనిషున్నాడు. మార్చే వీలూ ఉంది. తల తిప్పి గట్టు వైపు చూస్తే, గొడుగు కింద షోజో తననే చూస్తూ రెండు చేతులూ గుండ్రంగా తిప్పుతున్నాడు. మార్చు, మార్చు అని. చుట్టూ జనం అదేదో సంబరం అనుకుని వాళ్ళూ చేతులు తిప్పారు.

కజితా మళ్ళీ గ్రౌండు వైపు తిరిగాడు. ఇంకా రెండు కార్నర్లు వచ్చాయి. రెండూ అరాయానే తలతో కొట్టాడు. విజిల్ మోగింది.

మనుషులు కజితాని భుజాల మీదికెత్తుకున్నారు. ఛైర్మన్ ఏడ్చేశాడు. ఆ తొక్కిసలాట తగ్గాక బట్టల గదికి వెళితే అరాయా బల్ల మీద కూర్చుని ఉన్నాడు, ఒక కాలికి బూటుంది, ఒక కాలికి లేదు.

"కోచ్ గారూ, ఆట ఎప్పుడు మొదలవుతుంది?"

"అయిపోయింది, అరాయా. గెలిచాం."

"అవునా? నేను ఆడానా?"

పక్కనున్న కుర్రాడొకడు పకపకా నవ్వి, కజితా ముఖం చూసి ఆపేశాడు.

అరాయా ఆ చలికాలమంతా క్లబ్బు వసతిగృహంలో పరదాలు వేసిన గదిలో పడుకున్నాడు. తలుపు సందులోంచి వెలుతురు వస్తే దుప్పటి కప్పుకునేవాడు. కొత్త సంవత్సరానికి బియ్యపు ముద్దలతో చేసే మోచీ సూపు తీసుకెళితే వాసనకే తల తిప్పుకున్నాడు. మంచు కరిగే వేళకి వాళ్ళ నాన్న కొండ ఊరి నుంచి వచ్చాడు. రంపపు మిల్లులో పనిచేసే బక్కపల్చటి మనిషి. కొడుకు పక్కబట్టలు మూట కట్టుకుని, గుమ్మంలో నిలబడ్డ కజితాకి వంగి దణ్ణం పెట్టి, "మావాడు మీకు చాలా శ్రమ ఇచ్చాడు" అన్నాడు. తిట్టినా బాగుండేదనిపించింది కజితాకి. అరాయా మళ్ళీ బంతి తన్నలేదు.

క్లబ్బు కజితానే కోచ్‌గా ఉంచేసింది. ఊరు అతన్ని నెత్తిన పెట్టుకుంది. గోడ మీద మాట అతనే దగ్గరుండి చెరిపించాడు. సున్నం కింద అక్షరాలు ఇంకా లీలగా కనబడుతూనే ఉన్నాయి.

వసంతంలో, చీకట్లో మిణుగురుల్లా మెరిసే కణవ చేపలు అఖాతం ఒడ్డుకొచ్చే రోజుల్లో, ఒక మధ్యాహ్నం అతను షోజో ఇంటికి వెళ్ళాడు. ఆట రోజు తర్వాత మొహం చెల్లక వెళ్ళలేదు. ఫుమియే తలుపు తీసి, లోపలికి దారి ఇచ్చింది. షోజో వసారాలో ఎండ పడేచోట కూర్చుని ఉన్నాడు. బాగా చిక్కిపోయాడు. కజితాని చూడగానే ముఖం విప్పారింది.

"వచ్చావా! షిఫ్టు అయిపోయిందా? ప్రాక్టీసు ఎన్నింటికిరా?"

కజితా చాప మీద మోకాళ్ళ మీద కూర్చుని, నుదురు నేలకి ఆనించాడు. "అన్నా, క్షమించు. నువ్వు వద్దన్నావు. నేను వినలేదు. చూసి కూడా ఆపలేదు."

షోజో కంగారుపడ్డాడు. "ఏంట్రా ఇది? లే, లే. ఏం చేశావు? మళ్ళీ నా డబ్బాలో అన్నం తినేశావా?" కజితా లేవలేదు. షోజో అతని వీపు మీద చెయ్యి వేసి నవ్వాడు. "పోనీలేరా. తింటే తిన్నావు. ఆకలేసింది, తిన్నావు. క్షమించాను పో."

ఆ చెయ్యి వెచ్చగా ఉంది. కజితా దాని కింద అలాగే వంగి చాలాసేపు ఉండిపోయాడు.

ఫుమియే గుమ్మందాకా వచ్చింది. అతను బూట్లు తొడుక్కుంటుంటే వెనక నిలబడి అంది:

"ఆయన క్షమించింది అన్నం డబ్బా సంగతి, కజితా గారూ."

ఇన్నేళ్ళలో ఆమె అతన్ని గారూ అని పిలవడం అదే మొదలు.

"తెలుసు, వదినా."

"ఆ పిల్లాడు పడ్డప్పుడు ఈయన లేచి చేతులు తిప్పాడు. మీరు చూశారు. ఇంటికొచ్చాక స్నానం కూడా చెయ్యకుండా ఏడ్చాడు. మర్నాడు లేచేసరికి మర్చిపోయాడు. నాకు అలాంటి సదుపాయం లేదు."

"నేనేం చేస్తే..."

"ఏం చేసినా ఏం లేదు. గురువారాలు దుకాణంలో నాకు పని ఎక్కువ. ఆయన ఒక్కడూ బయటికి పోయి ఫ్యాక్టరీ గేటు దగ్గర నిలబడుతున్నాడు. ఎవరో ఒకరు కనిపెట్టుకుని ఉండాలి. రావాలనుంటే రండి. నాతో మాట్లాడాలని మాత్రం రాకండి."

గురువారం ప్రాక్టీసు వేరేవాళ్ళకి అప్పజెప్పి కజితా వెళ్ళాడు. ఫుమియే భర్తకి కోటు తొడిగి, మెడకి గుడ్డ చుట్టి, గుమ్మం బయట నిలబడ్డ కజితాకి అప్పగించింది. "మీరు సముద్రం కట్ట మీదకి మాత్రం తీసుకెళ్ళకండి, గాలి ఎక్కువ" అని తలుపు వేసుకుంది.

వాళ్ళిద్దరూ రేవు వైపు నడిచారు. షోజో హుషారుగా ముందు నడుస్తున్నాడు. కజితా నాలుగడుగులు వేగంగా వేసి, అతని పక్కకి చేరి, చెయ్యి పట్టుకున్నాడు.